రంగుల దర్బారును తెరమీద చూపిన ఛార్లెస్ అర్బన్

అయిదవ జార్జి చక్రవర్తి, మేరీ రాణి 1911లో మన దేశానికి వేంచేసి, ఢిల్లీలో దర్బారు జరిపిన సంగతి మన తాతల నాటివారు కథలుగా చెప్పుకునేవారు. డిసెంబరు 12న జరిగిన ఆ దర్బారులో సంస్థానాధీశులందరికంటె ముందు వందనం చేసినవాడు, ఆ ఏడే గద్దెనెక్కిన మన హైదరాబాదు నిజాము మీర్ ఉస్మాన్ అలీఖాన్. ఆ వైభవాన్ని రంగులతో సహా పట్టి చూపిన ఛార్లెస్ అర్బన్ గురించి ఈ ఉగాది సంచికలో నాలుగు మాటలు వ్రాయాలని మా సంకల్పం.

అర్బన్ 1867లో అమెరికాలోని సిన్సినాటిలో పుట్టాడు. మొదట పుస్తకాలమ్ముకు బ్రతికాడు. కదిలే బొమ్మలు వచ్చిన కొత్తలోనే ఆ వ్యాపారంలో దిగి, 1897లో లండను చేరాడు. కట్టుకథలకంటె లోకంలో ఉన్నది ఉన్నట్లు చూపడమే సినిమాకు పరువని ఆయన నమ్మకం.

జార్జి ఆల్బర్ట్ స్మిత్ 1906లో పేటెంటు కోరిన కినిమాకలర్ పద్ధతికి డబ్బూ ధైర్యమూ ఇచ్చి నిలబెట్టినవాడు అర్బనే. ఫిల్ము నలుపు తెలుపుదే. కెమేరాలో ఎరుపు, ఆకుపచ్చ రంగుల చక్రం తిరుగుతూ, ఒక బొమ్మ ఎరుపులోనుంచి, తరువాతది ఆకుపచ్చలోనుంచి పడుతుంది. తెరమీద వేసేటప్పుడూ అటువంటి చక్రమే తిరగాలి. సెకనుకు సుమారు 32 బొమ్మలు, అంటే మామూలు మూకీకి రెట్టింపు ఫిల్ము. పార్సెళ్ళ తూకం చూచే మాబోటి రైల్వే గుమాస్తాలకు ఆ పెట్టెల బరువే ముందు మనసుకు వస్తుంది!

ఢిల్లీకి ఆయన స్వయంగా వచ్చాడు. పోటీ కంపెనీలవాళ్ళు పాడుచేస్తారన్న వదంతి విని, తీసిన ఫిల్మును గుడారం అడుగున ఇసుకలో పాతి కాపాడుకున్నానని తరువాత చెప్పుకున్నాడు. ఆ పోటీవాళ్ళ నలుపు తెలుపు చిత్రాలు లండనులో ముందే ఆడాయి. అర్బన్ చిత్రం 1912 ఫిబ్రవరి 2న గాని స్కాలా థియేటరుకు రాలేదు. రెండున్నర గంటల చిత్రం! రంగస్థలాన్ని తాజమహలులా అలంకరించి, వాద్యబృందాన్నీ గాయకులనూ కూర్చారు. పాత కబురని ఎవరూ అనలేదు, జనం విరగబడ్డారు. మే నెలలో చక్రవర్తి దంపతులే వచ్చి తమ యాత్రను తాము చూచుకున్నారు.

ఆ వైభోగం ఎంతో కాలం సాగలేదు. ఫ్రీజ్-గ్రీన్ అనే మరొక పరిశోధకుని పక్షంవారు పేటెంటుపై వ్యాజ్యం వేశారు. క్రింది కోర్టులో స్మిత్ గెలిచినా, 1914లో అప్పీలు కోర్టు పేటెంటును కొట్టివేసింది. ఎరుపు, ఆకుపచ్చలతో అసలైన నీలం రాదన్న లోపమే కొంప ముంచింది. సహజమైన రంగులని చాటుకున్నందుకు ఆ మాట పడవలసిందే గాని, మాకు మాత్రం తీర్పు కటువుగానే తోస్తుంది.

తిరిగి అమెరికా వెళ్ళి పెట్టిన కంపెనీలూ దివాలా తీశాయి. 1942లో ఇంగ్లండులోని బ్రైటనులో కన్నుమూశాడు. దర్బారు చిత్రం చాలా భాగం దొరకనేలేదు. 2000లో రష్యాలోని క్రాస్నగోర్స్క్‌లో ఒక రీలు బయటపడింది. అందులో దర్బారు లేదు. ఆ తరువాత జరిగిన సైన్యాల కవాతు ఉంది.