జైల్లో పుట్టిన వకీలు

దుర్గాబాయి దేశ్‌ముఖ్ అనగానే మనలో చాలామందికి కాకినాడ కాంగ్రెస్ గుర్తొస్తుంది. 1923లో ఖద్దరు ప్రదర్శన గుమ్మం దగ్గర, టికెట్ లేదని నెహ్రూగారినే ఆపేసిన పధ్నాలుగేళ్ళ పిల్ల! ఆ కథ చిన్నప్పట్నుంచీ వింటూనే ఉన్నాం. నాకు మాత్రం ఆవిడ జీవితంలో ఇంకో ఘట్టం ఎక్కువగా మనసులో మెదులుతుంది. హత్య కేసుల్లో శిక్ష పడిన ఆడవాళ్ళ కథలు జైల్లో వింటున్న దుర్గాబాయి. పేపర్లో వరకట్న చావు కేసు తీర్పు చదివినప్పుడల్లా ఆ దృశ్యమే కళ్ళముందుకొస్తుంది.

ఆవిడ 1909 జూలై 15న రాజమండ్రిలో పుట్టారు. ఎనిమిదో ఏట పెళ్ళి చేసేశారు. ఊహ తెలిశాక ఆ కాపురం తనకొద్దనుకున్నారు. భర్తకు తానే నచ్చజెప్పి, ఇంకో పెళ్ళి చేసుకోమన్నారు. ఆ రోజుల్లో ఒక ఆడపిల్ల ఇంత మాట అనడమే గొప్ప. అంతకంటే గొప్ప సంగతి, పుట్టింటివాళ్ళు ఆమె పక్కన నిలబడటం. ఏడుస్తూ వచ్చిన కూతుర్ని సర్దుకుపొమ్మని బుజ్జగించి మళ్ళీ అత్తారింటికి బస్సెక్కించే తల్లిదండ్రులు ఇవాళ్టికీ తక్కువేం కాదు కదా! ఆ భర్త పోయాక అతని రెండో భార్యను చేరదీసి, ఆమె కాళ్ళమీద ఆమె నిలబడేలా పని నేర్పించింది కూడా దుర్గాబాయిగారే.

1930లో ఉప్పు సత్యాగ్రహం వచ్చింది. అరెస్టయ్యారు. ఆ తర్వాత మరోసారి పట్టుకుని మదురై జైల్లో ఒంటరి ఖైదులో పెట్టారు. ఆ జైలు రోజుల్లోనే ఆవిడకు హత్యానేరం మీద శిక్ష పడిన స్త్రీలతో పరిచయమైంది. చదువు లేదు. కోర్టులో ఏం జరిగిందో తెలీదు. తమ తరఫున చెప్పాల్సింది ఎవరూ చెప్పలేదు, తమకా చెప్పుకోవడం చేతకాలేదు. బయటికెళ్ళి లా చదవాలి, ఇలాంటి ఆడవాళ్ళ తరఫున మాట్లాడాలి అని ఆవిడ నిశ్చయించుకున్నది అక్కడే.

అనుకోవడం తేలికే. అప్పటికి ఆవిడకు మెట్రిక్ కూడా లేదు! పట్టుబట్టి బెనారస్ మెట్రిక్ ప్యాసయ్యారు. వాల్తేరులో ఆంధ్రా యూనివర్సిటీలో చేరబోతే ఆడపిల్లలకు హాస్టల్ లేదన్నారు. పేపర్లో ప్రకటన ఇచ్చి, చదువుకోవాలనుకునే అమ్మాయిల్ని పోగేసి, తానే హాస్టల్ పెట్టేశారు. బి.ఎ. ఆనర్స్ తర్వాత 1942లో మద్రాసులో లా పూర్తిచేసి, అక్కడే ప్రాక్టీసు పెట్టారు. అది కూడా క్రిమినల్ కేసుల్లో. నల్లకోటు వేసుకున్న ఆడవాళ్ళే అరుదైన రోజులవి.

రాజ్యాంగ సభ, ప్రణాళికా సంఘం, 1953లో చింతామణ్ దేశ్‌ముఖ్‌గారితో పెళ్ళి, కేంద్ర సాంఘిక సంక్షేమ బోర్డు... ఇవన్నీ తెలిసినవే, వాటి జోలికి వెళ్ళను. అదే 1953లో ఆవిడ చైనా వెళ్ళారు. అక్కడ కుటుంబ తగాదాలకు విడిగా కోర్టులుండటం చూసొచ్చి, మనకూ అలాంటివి కావాలని నెహ్రూగారితోనూ, చాగ్లా, గజేంద్రగడ్కర్ లాంటి న్యాయమూర్తులతోనూ మాట్లాడారు. కుటుంబ కోర్టుల చట్టం వచ్చింది 1984లో. ఆవిడ 1981 మే 9నే కన్నుమూశారు.

కుటుంబ కోర్టు విడాకులూ భరణమూ పిల్లల సంగతీ చూస్తుంది. కోడలు కాలిపోయిందంటే ఆ కేసు క్రిమినల్ కోర్టుకే, సెషన్స్‌కే వెళ్తుంది. దుర్గాబాయిగారు వకాల్తా పుచ్చుకున్న కోర్టు అదే. ఆవిడ బతికున్నన్నాళ్ళూ వరకట్న చావు అనే నేరమే పుస్తకాల్లో లేదు. ఆంధ్రప్రదేశ్ 1958లో, దేశం మొత్తానికి 1961లో కట్న నిషేధ చట్టాలు వచ్చాయి గానీ అవి ఇచ్చిపుచ్చుకోవడం గురించే. ఇంట్లో తలుపు వేసుకుని జరిగిన చావును హత్య అనో, ఆత్మహత్యకు పురికొల్పారనో రుజువు చెయ్యాలి. చూసినవాళ్ళెవరు? ఆ ఇంటివాళ్ళే! స్టవ్ పేలిందంటే పేలిందంతే.

1983లో 498-ఎ వచ్చింది. భర్తా అతని బంధువులూ పెట్టే హింస నేరమైంది, మూడేళ్ళదాకా జైలు. 1986లో 304-బి వచ్చింది. పెళ్ళయిన ఏడేళ్ళలోపు అసహజంగా చనిపోయి, చావుకు కొద్దిముందు కట్నం కోసం వేధించారని తేలితే, అది వరకట్న చావే అని కోర్టు భావించాలి. కాదని చూపించుకోవాల్సిన భారం అవతలివాళ్ళది. శిక్ష కనీసం ఏడేళ్ళు, యావజ్జీవం దాకా. 2024 జూలై నుంచి కొత్త న్యాయసంహితలో ఇవే 85, 80 సెక్షన్లయ్యాయి. అంకెలు మారాయి, సారం అదే.

అయినా 2022 ఒక్క ఏడాదిలోనే దేశంలో ఆరు వేల పైచిలుకు వరకట్న చావులు నమోదయ్యాయి. కోర్టుకొచ్చిన కేసులు ఎక్కడ వీగిపోతాయి? నాకు తోచినంతలో ఆ 'కొద్దిముందు' దగ్గరే. వేధింపులకూ చావుకూ దగ్గర సంబంధం కనబడాలి. అంటే ముందురోజే జరిగి ఉండాలని కాదని సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. కానీ ఆ వేధింపు సంగతి చెప్పేదెవరు? తల్లీ, తోబుట్టువులూ, పక్కింటివాళ్ళూ. పక్కింటావిడ మనకెందుకంటుంది. పెద్దమనుషులు రాజీ కుదిర్చాక తల్లిదండ్రులే బోనెక్కి మాట మార్చేస్తారు. అప్పుడు జడ్జీగారు మాత్రం ఏం చేస్తారు?

ఇక మరణ వాంగ్మూలం. కాలిన ఒంటితో ఆస్పత్రిలో ఉన్న అమ్మాయి చెప్పింది నమ్మదగ్గదిగా ఉంటే, దానిమీదే శిక్ష వెయ్యొచ్చు. డాక్టరు సర్టిఫికెట్ లేకపోయినా, ఆమె తెలివిలో ఉండే చెప్పిందని రాసుకున్నవారికి నమ్మకం కుదిరితే చెల్లుతుందని 2002లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది. చిక్కల్లా వాంగ్మూలాలు రెండయినప్పుడు. చేర్చినప్పుడు భర్త పక్కనే ఉండగా స్టవ్ పేలిందంటుంది. మర్నాడు అమ్మ వచ్చాక మేజిస్ట్రేటుకు అసలు సంగతి చెబుతుంది. మొదటి మాట భయంతో అన్నదని ఒకవైపు, రెండోది పుట్టింటివాళ్ళు నేర్పిందని ఇంకోవైపు. ఏది ముందు, ఎవరు రాశారు, అప్పుడు మంచం దగ్గర ఎవరున్నారు, ఒంటిమీదా గదిలోనూ కిరసనాయిలు వాసన ఉందా, స్టవ్ నిజంగా పగిలిందా... అన్నీ పోల్చి చూసి, ఆ రెండింట్లో ఏది నిజమో కోర్టు తేల్చాలి. అడిగి తెలుసుకుందామంటే అప్పటికి ఆ పిల్ల ఉండదు.