జి.డి.నాయుడు

జి.డి.నాయుడుగా పేరొందిన గోపాలస్వామి దొరస్వామి నాయుడు (మార్చి 23, 1893 - జనవరి 4, 1974) కోయంబత్తూరుకు చెందిన తెలుగు యంత్రనిర్మాత, పారిశ్రామికవేత్త మరియు దాత. భారతదేశంలో తయారైన తొలి విద్యుత్ మోటారు నిర్మాతలలో ఒకడుగా ఇతడు ప్రసిద్ధుడు. ఇతనికి ఇంజనీరింగు పట్టా లేదు, పాఠశాల చదువు కూడా సరిగా సాగలేదు. యంత్రాన్ని విప్పి, తిరిగి బిగించి నేర్చుకొన్నదే ఇతని విద్య. 1952లో ఇతడు రూపొందించిన రెండు సీట్ల పెట్రోలు కారు, ప్రభుత్వ లైసెన్సు లభించక ఉత్పత్తికి నోచుకోలేదు.

బాల్యము

నాయుడు కోయంబత్తూరు సమీపంలోని కలంగళ్ గ్రామంలో జన్మించాడు. విజయనగర, నాయకరాజుల కాలాలలో ఆంధ్రప్రాంతం నుండి తరలివెళ్ళి కొంగునాడులో స్థిరపడిన తెలుగు వ్యవసాయ కుటుంబాలు అక్కడ అనేకం ఉన్నాయి. నాయుడు కుటుంబం వాటిలో ఒకటి. తండ్రి గోపాలస్వామి నాయుడు రైతు. తల్లి చిన్నతనంలోనే మరణించింది. బడిలో ఉపాధ్యాయులపై ఇసుక చల్లేవాడని చెబుతారు. చదువు అంతటితో ఆగిపోయి, పొలం పనులకు మళ్ళాడు.

మోటారు సైకిలు

ఒక ఆంగ్లేయ రెవెన్యూ అధికారి వద్ద ఉన్న 1912 నాటి రడ్జ్ మోటారు సైకిలు నాయుడు జీవితాన్ని మార్చివేసింది. ఎద్దుగానీ గుర్రంగానీ లేకుండా తనంతట తాను నడిచే బండిని చూసి, దానిని ఎలాగైనా కొనాలని నిశ్చయించుకొన్నాడు. కోయంబత్తూరులోని ఒక హోటలులో వడ్డనపనికి కుదిరి, జీతం కూడబెట్టి, 300 రూపాయలకు ఆ బండిని సంపాదించాడు. అంత కష్టపడి కొన్న బండిని ఊరంతా తిప్పుకోవడంతో సరిపెట్టక, ముక్కలుముక్కలుగా విప్పి తిరిగి బిగించాడు. ఆ విధంగా మెకానిక్ అయ్యాడు. విజయవాడ ఆటోనగర్ వంటి చోట్ల పనిచేసే మెకానిక్‌లలో చాలామంది నేర్చుకొన్నదీ ఈ పద్ధతిలోనే.

రడ్జ్ బండిది ఒంటి సిలిండరు ఇంజను. పెట్రోలు, గాలి కలిసిన మిశ్రమాన్ని పీల్చుకోవడం, అదమడం, మండించడం, మండగా మిగిలిన పొగను వెళ్ళగొట్టడం అనే నాలుగు పనులు పిస్టను యొక్క నాలుగు కదలికలలో పూర్తవుతాయి. వీటిలో మండే కదలిక ఒక్కటే శక్తినిస్తుంది. అంటే క్రాంకు దండం రెండు చుట్లు తిరిగితే ఒక్క తోపు మాత్రమే లభిస్తుంది. అందుచేత ఒంటి సిలిండరు బండి కుదుపుతో నడుస్తుంది. నాలుగు సిలిండర్లను ఒకే దండానికి కలిపి, వంతులవారీగా మండేటట్లు అమర్చితే ప్రతి అరచుట్టుకూ ఒక తోపు అంది, ఇంజను నిలకడగా తిరుగుతుంది. కార్లకు నాలుగు సిలిండర్ల ఇంజను స్థిరపడటానికి ఇది ముఖ్య కారణం. సిలిండర్లు ఎన్ని ఉన్నా లోపల జరిగే పని ఒకటే కనుక, ఒకదానిని విప్పి చూసి అర్థం చేసుకొన్న నాయుడుకు తరువాతి ఇంజన్లు కొత్త విద్య కాలేదు.

బస్సుల వ్యాపారము

మొదటి ప్రపంచయుద్ధ కాలంలో నాయుడు పత్తి వ్యాపారంలో డబ్బు గడించి, బొంబాయిలో పోగొట్టుకొన్నాడు. 1920లో కోయంబత్తూరులోని ఆంగ్లేయ వ్యాపారి సర్ రాబర్ట్ స్టేన్స్ సహాయంతో ఒక బస్సు కొని, పొల్లాచి - పళని మధ్య నడిపాడు. మొదట్లో బస్సును స్వయంగా తానే నడిపేవాడు. ఈ ఒక్క బస్సే పెరిగి యూనివర్సల్ మోటార్ సర్వీస్ (యు.ఎం.ఎస్.) అయింది. 1933 నాటికి ఆ సంస్థకు 280 బస్సులు ఉండేవి. అది దేశంలో చక్కగా నడిచే రవాణా సంస్థలలో ఒకటిగా పేరు తెచ్చుకొంది. అన్ని బండ్లను రోజూ రోడ్డు మీద నిలపాలంటే బాగుచేసే పనివాళ్ళు, విడిభాగాలు తయారుచేసే వసతి తప్పనిసరి. నాయుడు తరువాతి కాలంలో చేపట్టిన పరిశ్రమలకు పునాది ఈ బస్సుల మరమ్మతుశాలలోనే పడిందని చెప్పవచ్చు.

విద్యుత్ మోటారు, ఇతర పరికరాలు

1930 దశకంలో నాయుడు ఐరోపాలో పర్యటించాడు. సినిమా కెమెరా అంటే ఇతనికి మోజు. 1936లో లండనులో ఐదవ జార్జి చక్రవర్తి అంత్యక్రియలను స్వయంగా చిత్రించాడు. గాంధీ, నెహ్రూ, సుభాష్ చంద్రబోసులను కూడా చిత్రించాడు.

గడ్డం గీసుకొనే విద్యుత్ రేజరు రాసంట్ ఇతని సృష్టి. చిన్న మోటారుతో, బ్యాటరీ గుళికలతో నడిచే ఈ పరికరం జర్మనీలోని హైల్‌బ్రోన్ పట్టణంలో తయారైంది. అతి పలుచని బ్లేడ్లు, సినిమా కెమెరాకు దూరాన్ని సరిచేసే అమరిక, పండ్లరసం తీసే యంత్రం, మోసానికి వీలులేని ఓటింగు యంత్రం, కిరోసిన్‌తో నడిచే పంకా కూడా ఇతడు రూపొందించినవే. 1941లో అయిదు వాల్వుల రేడియోను 70 రూపాయలకే తయారుచేయగలనని ప్రకటించాడు.

వీటన్నిటికంటె ఎక్కువ ప్రభావం చూపినది విద్యుత్ మోటారు. 1937లో డి.బాలసుందరం నాయుడుతో కలిసి, పీలమేడులోని నేషనల్ ఎలక్ట్రిక్ వర్క్స్‌లో దీనిని తయారుచేశాడు. బాలసుందరం తరువాత టెక్స్‌టూల్ సంస్థను స్థాపించాడు. కోయంబత్తూరు మోటార్లకు, నీటి పంపులకు దేశమంతటా పేరుపొందడానికి బీజం ఇక్కడ ఉంది. నాయుడు చేసిన వింత పరికరాల జాబితా ఎంత పొడవైనా, రైతు బావి దగ్గరకు చేరింది మాత్రం ఈ మోటారే.

పెట్రోలు కారు

1952లో నాయుడు పెట్రోలుతో నడిచే రెండు సీట్ల చిన్న కారును తయారుచేశాడు. దాని ధర 2,000 రూపాయలు. ఆనాడు దేశంలో దొరికే కార్ల ధర దీనికి ఎన్నో రెట్లు ఉండేది. కాని దానిని ఉత్పత్తి చేయడానికి ప్రభుత్వం లైసెన్సు నిరాకరించడంతో ఆ ప్రయత్నం ఆగిపోయింది.

దీనికి కారణం ఆనాటి పారిశ్రామిక విధానంలో కనిపిస్తుంది. 1951 నాటి పరిశ్రమల (అభివృద్ధి, నియంత్రణ) చట్టం 1952 మే నెలలో అమలులోకి వచ్చింది. అప్పటి నుండి ముఖ్యమైన పరిశ్రమ ఏది స్థాపించాలన్నా కేంద్రప్రభుత్వ లైసెన్సు తప్పనిసరి అయింది. ఉక్కు, విదేశీ మారకద్రవ్యం కొరతగా ఉన్న దేశంలో కార్ల తయారీని కొద్ది సంస్థలకే పరిమితం చేయాలన్నది ప్రభుత్వ ఆలోచన. దేశంలో విడిభాగాలను తయారుచేసే ప్రణాళిక లేకుండా కేవలం బిగింపు పని చేసే సంస్థలకు చోటు లేదని తేలడంతో ఫోర్డు, జనరల్ మోటార్స్ సంస్థలు కూడా ఆ రోజులలోనే భారతదేశంలో పని మూసివేశాయి. ఆ కోణం నుండి చూస్తే ప్రభుత్వ నిర్ణయం అర్థంలేనిది కాదు. అయితే నాయుడు అడిగింది విదేశీ కారును బిగించడానికి అనుమతి కాదు, తాను చేసిన కారును అమ్ముకోవడానికి అనుమతి. 2,000 రూపాయల ధర నిలబడేదో లేదో అంగడిలో తేలవలసిన విషయం. ఆ పరీక్షకు అవకాశమే రాలేదు.

దేశంలో నిలదొక్కుకొన్నవి విదేశీ నమూనాల నాలుగు సిలిండర్ల కార్లు. బొంబాయిలోని ప్రీమియర్ సంస్థ 1089 సి.సి. ఇంజను గల ఫియట్ 1100 కారును, కలకత్తా సమీపంలోని హిందుస్థాన్ మోటార్స్ బ్రిటిషు మోరిస్ కార్లను తయారుచేశాయి. 1957లో వచ్చిన అంబాసిడరుకు మొదట 1476 సి.సి. ఇంజను ఉండేది. కవాటాలు సిలిండరు పక్కన ఉండే పాత పద్ధతి అది. 1959లో దాని స్థానంలో కవాటాలు పైన ఉండే 1489 సి.సి. ఇంజను వచ్చింది. ఇది బ్రిటిష్ మోటార్ కార్పొరేషన్ వారి బి-శ్రేణి కుటుంబానికి చెందినది. 1947లో 1200 సి.సి.తో ఆస్టిన్ కారులో మొదలైన ఈ శ్రేణి, 1798 సి.సి. వరకు పెరిగి, డీజిలు రూపాన్ని కూడా పొందింది. పుట్టిన దేశంలో రూపాలు మార్చుకొంటూ పోయిన ఈ ఇంజను భారతదేశంలో మాత్రం 1990 దశకంలో ఇసుజు ఇంజను వచ్చేవరకు పెద్దగా మార్పు లేకుండా అంబాసిడరును లాగింది. పోటీ లేకపోవడమే దీనికి ముఖ్య కారణం.

లైసెన్సు విధానం 1991లో చాలావరకు, కార్ల విషయంలో 1993లో రద్దయింది. ఆ తరువాత తెలుగునేల మీద పెనుకొండ వద్ద కియా కార్ల కర్మాగారం 2019లోను, హనుమాన్ జంక్షన్ సమీపంలోని మల్లవల్లిలో అశోక్ లేలాండ్ బస్సుల కర్మాగారం 2025లోను ప్రారంభమయ్యాయి.

పన్నుల భారానికి, ప్రభుత్వ ఉదాసీనతకు నిరసనగా నాయుడు తాను చేసిన రేడియోలు మొదలైన వస్తువులను బహిరంగంగా పగులగొట్టాడు. వ్యాపారి ఎవడూ చేయని పని ఇది. ఇతని స్వభావం ఇందులో తెలుస్తుంది.

విద్యారంగం

1945లో కోయంబత్తూరులో ఆర్థర్ హోప్ పేరిట (ఈయన అప్పటి మద్రాసు గవర్నరు) సాంకేతిక విద్యాసంస్థను నెలకొల్పడంలో నాయుడు ప్రధాన పాత్ర వహించి, దానికి మొదటి ప్రిన్సిపాలుగా పనిచేశాడు. ఇంజనీరింగు చదువుకు నాలుగేళ్ళు కాలవ్యయమని, పని చేస్తూ నేర్చుకొంటే రెండేళ్ళు చాలునని ఇతని అభిప్రాయం. ప్రభుత్వం ఇందుకు అంగీకరించకపోవడంతో పదవిని వదిలిపెట్టాడు. ఆ సంస్థే ఇప్పటి ప్రభుత్వ సాంకేతిక కళాశాల. హోటలు జీతంతో మోటారు సైకిలు కొని ఇంజను నేర్చుకొన్న మనిషికి ఈ అభిప్రాయం కలగడంలో వింత లేదు గాని, లెక్కలు, పదార్థశాస్త్రం వంటి విషయాలను మరమ్మతుశాల ఒక్కటే నేర్పలేదన్నది కూడా నిజమే.

మరణము, స్మారకాలు

నాయుడు 1974 జనవరి 4న మరణించాడు. ఇతని కుమారుడు జి.డి.గోపాల్. నాయుడు సేకరించిన, తయారుచేసిన పరికరాలు కోయంబత్తూరులోని ప్రదర్శనశాలలో ఉన్నాయి. అదే నగరంలో 2015లో పాతకార్ల ప్రదర్శనశాల ఒకటి ప్రారంభమైంది. నాయుడు జీవితంపై నిర్మించిన డాక్యుమెంటరీ చిత్రానికి జాతీయ చలనచిత్ర పురస్కారం లభించింది. 2025 అక్టోబరులో కోయంబత్తూరు అవినాశి రోడ్డుపై ప్రారంభించిన సుమారు 10 కిలోమీటర్ల పైవంతెనకు తమిళనాడు ప్రభుత్వం ఇతని పేరు పెట్టింది.