అనాక్సగొరాసు

గ్రీసు దేశమునకు తూర్పున, సముద్రమునకు ఆవలి ఒడ్డున, ఇప్పటి టర్కీ దేశపు పడమటి తీరమున క్లజోమెనీ అను గ్రీకు పట్టణ ముండెను. క్రీ.పూ. 500 ప్రాంతమున అనాక్సగొరాసు అచ్చట కలవారి యింట జన్మించెను. పిత్రార్జితమైన భూములను బంధువుల కప్పగించి, ఆకాశమును పరిశీలించుటయే పనిగా పెట్టుకొనెనని చెప్పుదురు. తరువాత ఆయన ఏథెన్సు నగరము చేరి చిరకాల మచ్చట నివసించెను. ఆ నగర నాయకుడైన పెరిక్లీసు ఆయనకు మిత్రుడు, శిష్యుడు.

ఈ ప్రపంచము దేనితో ఏర్పడినది? పూర్వము థేలీసు నీటినుండి యనెను. అనాక్సిమెనీసు గాలినుండి యనెను. అనాక్సగొరాసునకు ఈ సమాధానములు తృప్తి కలిగింపలేదు. మనము రొట్టె తిని నీరు త్రాగుచున్నాము. వానినుండియే రక్తమాంసములును, ఎముకలును, వెండ్రుకలును పెరుగుచున్నవి. వెండ్రుక కానిదానినుండి వెండ్రుక యెట్లు పుట్టును? కావున ప్రతి వస్తువునందును తక్కిన అన్నిటి అంశములును సూక్ష్మరూపమున నుండి తీరవలెనని ఆయన తలంచెను. ఆయన దృష్టిలో పుట్టుట యనగా అంశములు కలియుట, నశించుట యనగా విడిపోవుట. ఆదిలో సర్వమును ఒక్క ముద్దగా నుండగా, బుద్ధి యను శక్తి దానిని సుడివలె త్రిప్పి వేరుపరచెనని ఆయన బోధించెను.

క్రీ.పూ. 467 ప్రాంతమున ఈగస్‌పొటమీ అను చోట పట్టపగలు ఆకాశమునుండి గొప్ప రాయి పడెను. పైనున్నవియు రాళ్లే యను ఆయన మాటకు అది సాక్ష్యమైనట్లు తోచెను. ఏథెన్సువారు దేవుడని మ్రొక్కెడి సూర్యుడు, ఆయన మతమున, పెలోపొనీసు ద్వీపకల్పముకంటె పెద్దదైన మండుచున్న రాయి. సూర్యుని వ్యాసము భూమి వ్యాసమునకు సుమారు 109 రెట్లని యెరిగిన మనకు ఈ కొలత నవ్వు పుట్టించును. కాని సూర్యుని కొలవవచ్చునని తోచుటయే ఆనాడు సాహసము. చంద్రుని వెలుగు సూర్యునిదే యనియు, చంద్రుడు అడ్డు వచ్చుటచే సూర్యగ్రహణము కలుగుననియు ఆయన చెప్పెను. భూమి బల్లపరుపని మాత్రము నమ్మెను.

పెరిక్లీసును నేరుగా ఎదిరింపలేని శత్రువులు ఆయన గురువుపై దైవద్రోహ నేరము మోపిరి. శిక్ష జరిమానా యని కొందరు, మరణ మని కొందరు వ్రాసిరి. పెరిక్లీసు పూనికచే ప్రాణములు దక్కి, వృద్ధుడైన ఆ పండితుడు ఏథెన్సు విడిచెను. ఆయన గ్రంథము మాత్రము విడువలేదు. క్రీ.పూ. 399లో సోక్రటీసు విచారణ జరుగునాటికి అది ఆ నగరమున ఒక్క ద్రాఖ్మా నాణెమునకే లభించుచుండెను.

ఆయన లాంప్సకసు పట్టణమున తలదాచుకొనెను. క్రీ.పూ. 428 ప్రాంతమున అంత్యకాలము సమీపింపగా, తమవలన ఏమి కోరెదరని ఊరి పెద్దలు వినయముతో అడిగిరట. తాను మరణించిన నెలలో ఏటేట బడిపిల్లలకు ఆటవిడుపు ఇండని ఆయన కోరెను. ఆ పట్టణమువారు ఆయనను గౌరవముతో సమాధి చేసి, ఆ యాచారమును చిరకాలము పాటించిరి.