చెరసాలలో ఒక తెలుగు సహోదరి: స్నేహలతా రెడ్డి



2001లో కోలారు బంగారు గనులు మూతపడిన తరువాత మనవారు అనేకులు మారికుప్పములో వేకువనే రైలెక్కి బెంగళూరుకు పనికి వెళ్తున్నారు. అక్కడ మెజెస్టిక్‌కు నడిచి వెళ్లేంత దూరములో ఫ్రీడం పార్కు ఉన్నది. పూర్వము అదే సెంట్రల్ జైలు. ఎనిమిది నెలలు అందులో బంధింపబడిన ఒక తెలుగు స్త్రీని గూర్చి మన పిల్లలు తెలుసుకోవాలి.

స్నేహలత గారు 1932లో ఆంధ్ర దేశములో జన్మించారు. తల్లిదండ్రులు రెండవ తరము క్రైస్తవులు. భర్త నెల్లూరి కవి పఠాభి, అనగా తిక్కవరపు పట్టాభిరామ రెడ్డి గారు. ఆయన తీసిన కన్నడ చిత్రము 'సంస్కార' (1970)లో ఆమె చంద్రి పాత్ర ధరించి పేరు పొందారు.

1975 జూన్ 25న దేశములో అత్యవసర పరిస్థితి వచ్చింది. పత్రికలకు సెన్సారు పెట్టారు. మీసా చట్టము క్రింద కారణము చెప్పకుండా, విచారణ లేకుండా సుమారు 35,000 మందిని నిర్బంధించారు. అజ్ఞాతములో ఉన్న జార్జి ఫెర్నాండెజ్ కొరకు వెదకుతూ, పోలీసులు 1976 మే 1న ఆయన తమ్ముడు లారెన్సును బెంగళూరులో పట్టుకొని చిత్రహింసలు పెట్టారు. మరునాడు, జార్జికి స్నేహితురాలైన స్నేహలత గారిని పట్టుకున్నారు. బరోడా డైనమైట్ కేసు చార్జిషీటులో ఆమె పేరు లేదు. అయినను విడువలేదు.

ఆమెకు ఉబ్బసము. ఇరుకు గది, సరిగా అందని వైద్యము. ఆ స్థితిలోను ఆమె తన బాధ మాత్రమే చూచుకోలేదు. తోటి స్త్రీ ఖైదీలను కొట్టడము చూచి ఎదిరించి మాన్పించారు. వారి భోజనము మెరుగయ్యేలా పట్టుబట్టారు. పాటలు, నాటకములు నేర్పి వారిని నవ్వించారు. రోజూ జరిగినది డైరీలో వ్రాసుకున్నారు.

1977 జనవరి 15న, ఆరోగ్యము పూర్తిగా చెడిన తరువాత, పెరోలుపై బయటికి పంపారు. 18న ఎన్నికలు ప్రకటించారు. 20న ఆమె కన్నుమూశారు. మార్చి 21న అత్యవసర పరిస్థితి తొలగింది. ఆ సంవత్సరమే ఆమె డైరీ అచ్చయింది. దేహము నిలువలేదు గాని సాక్ష్యము నిలిచింది.

ఆమె రాజకీయములతో మనము ఏకీభవించనక్కరలేదు. అయితే బంధకములలో ఉన్నవారిని, మనమును వారితోకూడ బంధింపబడినట్టు తలంచుకోవాలని హెబ్రీ పత్రిక 13వ అధ్యాయము మనకు నేర్పుతున్నది. ఆ పాఠమును ఆమె జైలు గదిలోనే చేసి చూపారు. బయట స్వేచ్ఛగా ఉన్న మనము చెరసాలలో ఉన్నవారిని దర్శిస్తున్నామా? ఇంటి దగ్గర మిగిలిన వారి భార్యాబిడ్డలను పలుకరిస్తున్నామా? ఈసారి ఫ్రీడం పార్కు ప్రక్కగా వెళ్లినప్పుడు ఒక్క నిమిషము ఆగి ఆలోచించండి.