మాటల్లేని సినిమాల మెక్‌లారెన్

నార్మన్ మెక్‌లారెన్ 1914లో స్కాట్లాండులోని స్టిర్లింగ్‌లో పుట్టారు. గ్లాస్గోలో ఆర్ట్ స్కూల్లో చదివే రోజుల్లో కెమెరా కొనే స్తోమత లేక, వాడేసిన ఫిల్ము మీది బొమ్మలు చెరిపేసి, దాని మీదే రంగులతో గీశారు. 1936లో స్పెయిన్ అంతర్యుద్ధానికి కెమెరామన్‌గా వెళ్ళారు. 1941 నుంచి కెనడాలో, నేషనల్ ఫిల్మ్ బోర్డులో ఉద్యోగం. అక్కడ ఇంగ్లీషు వాళ్ళూ ఉన్నారు, ఫ్రెంచి వాళ్ళూ ఉన్నారు. ఈయన సినిమాల్లో దాదాపు మాటలే ఉండవు కాబట్టి ఎవరికీ ఇబ్బంది లేదు. ఇంట్లో తెలుగు, గడప దాటితే తమిళం మాట్లాడే మా తొండియార్‌పేట వాళ్ళకి ఆ సుఖమేంటో తెలుసు.

1949లో యునెస్కో తరఫున చైనా వెళ్ళి, ఆరోగ్య పాఠాలు బొమ్మల్లో ఎలా చెప్పాలో నేర్పారు. ఆయన అక్కడుండగానే ప్రభుత్వం మారిపోయింది. తర్వాత కొరియా యుద్ధం. 1952లో 'నెయిబర్స్' తీశారు.

ఎనిమిది నిమిషాల సినిమా. ఇరుగుపొరుగు ఇద్దరు హాయిగా పేపరు చదువుకుంటుంటారు. మధ్యలో ఒక పువ్వు పూస్తుంది. నాదంటే నాదని కంచె కడతారు, కొట్టుకుంటారు, ఒకరి ఆలుబిడ్డల్ని ఒకరు చంపేస్తారు, చివరికి ఇద్దరూ పోతారు. పువ్వు ఎప్పుడో నలిగిపోయింది. ఆ ఆలుబిడ్డల సీను కొన్నేళ్ళు తీసేసి, మళ్ళీ చేర్చారు. నన్నడిగితే అది లేకపోతే సినిమానే లేదు.

ఇందులో నటులే బొమ్మలు. కొంచెం కదలాలి, ఆగాలి, ఒక ఫొటో. మళ్ళీ కదలాలి, ఇంకో ఫొటో. గాల్లో తేలే సీనుకైతే ప్రతి ఫొటోకీ ఎగరాల్సిందే! దీనికి ఆస్కార్ వచ్చింది, అదీ డాక్యుమెంటరీ విభాగంలో. ఎందుకో నాకైతే అర్థం కాలేదు.

నీళ్ళ లారీ దగ్గర బిందెల వరస గొడవతో మా అమ్మమ్మకీ పక్కింటి పాట్టికీ రెండు నెలలుగా మాటల్లేవు. ఫోనులో ఈ సినిమా ఇద్దరికీ విడివిడిగా చూపించా. ఇద్దరూ మొదట్లో నవ్వారు, చివర్లో నవ్వలేదు. మాటలు మాత్రం ఇంకా లేవు.

1957లో 'ఎ చెయిరీ టేల్' వచ్చింది. కూర్చోబోతే కుర్చీ ఒప్పుకోదు, పారిపోతుంది. తన మీద దాన్ని కూర్చోనిచ్చాకే అతన్ని కూర్చోనిస్తుంది. సితార్ మన రవిశంకర్, తబలా చతుర్‌లాల్.

1937లో లండన్‌లో పరిచయమైన గై గ్లోవర్‌తో ఆయన యాభై ఏళ్ళు కలిసి బతికారు. ఇద్దరు మగవాళ్ళ ప్రేమని బయటికి చెప్పుకోలేని కాలం అది. జీవితకథ రాస్తూ దీన్ని దాటేయడం నాకు ఇష్టం లేదు. చివరి సినిమా 'నార్సిసస్' 1983లో తీశారు. అందులో దగ్గరికొచ్చిన వాళ్ళందర్నీ కాదని తన ప్రతిబింబాన్నే ప్రేమించినవాడు ఆఖరికి ఊచల వెనక మిగులుతాడు. 1987 జనవరిలో మెక్‌లారెన్ పోయారు. మరుసటి ఏడాది గ్లోవర్ కూడా.