విలియం ఫార్: జబ్బుల పట్టిక వేసినవాడు

కంటి ఆసుపత్రి నుంచి తెచ్చుకున్న చీటీని మీరెప్పుడైనా పరీక్షగా చూశారా? జబ్బు పేరు పక్కన కొన్ని చీటీల మీద హెచ్ 40.2 వంటి గుర్తు ఉంటుంది. అది గది నంబరు కాదు, మందు పేరూ కాదు. అది జబ్బు సంఖ్య. నీటికాసుల జబ్బులో కంటి లోపలి కోణం మూసుకుపోవడం వల్ల వచ్చే రకం అని దాని అర్థం. ఆ సంఖ్యను హైదరాబాదులో రాసినా, ఢాకాలో రాసినా, కొలంబోలో రాసినా అర్థం ఒకటే. ఈ ఏర్పాటుకు పునాది వేసినవారిలో ముఖ్యుడు విలియం ఫార్. ఆయన కంటి డాక్టరు కాదు. అసలు వైద్యవృత్తిలో ఆయన పెద్దగా రాణించనే లేదు.

ఫార్ 1807లో ఇంగ్లండులోని కెన్లీ అనే పల్లెలో పేద కుటుంబంలో పుట్టాడు. క్రమమైన బడి చదువు ఆయనకు తక్కువ. డోరింగ్టన్ గ్రామపెద్ద జోసెఫ్ ప్రైస్ ఆ పిల్లవాణ్ణి చేరదీశాడు. ఫార్ ఆయన పనులు చూస్తూ, దొరికిన పుస్తకమల్లా చదువుతూ పెరిగాడు. 1828లో ప్రైస్ చనిపోతూ ఆయన పేర 500 పౌన్లు రాసిపెట్టాడు. ఆ డబ్బుతో ఫార్ పారిస్ వెళ్లి వైద్యం చదివాడు. రోగులను లెక్కపెట్టి, పోల్చి చూసి వైద్యాన్ని అంచనా వేసే పద్ధతి అక్కడే ఆయనకు పరిచయమైంది. 1832లో లండనులో వైద్యం చేయడానికి లైసెన్సు సంపాదించాడు. పరీక్ష రాసి తెచ్చుకున్న అర్హత అదొక్కటే. ప్రాక్టీసు అంతంతమాత్రంగా సాగింది. 1837లో భార్య క్షయతో చనిపోయింది.

ఇంగ్లండులో జనన మరణాలను ప్రభుత్వం నమోదు చేయడం మొదలైంది కూడా 1837లోనే. కొద్దికాలానికే ఆ రిజిస్ట్రారు జనరల్ కార్యాలయంలో ఫార్‌కు ఉద్యోగం దొరికింది. దేశం నలుమూలల నుంచి వచ్చిన మరణాల కాగితాలు ఆయన బల్ల మీద పడేవి. వాటిలో ఏముండేదో మీరు ఊహించగలరు. మన ఊళ్లలోనూ ఎలా పోయారని అడిగితే జ్వరమొచ్చి పోయారనో, ముసలితనమనో, ఉన్నట్టుండి పోయారనో చెబుతాం కదా! ఆ కాగితాలూ అలాగే ఉండేవి. ఒకే జబ్బుకు ఊరికో పేరు. ఒకే పేరు కింద నాలుగు జబ్బులు. అలాంటి పేర్లను ఎన్ని వేలు కూడినా తెలిసేదేమీ ఉండదని ఫార్ గ్రహించాడు. భౌతిక శాస్త్రాలకు తూనికలు, కొలతలు ఎలాగో, ఈ లెక్కలకు జబ్బుల పేర్లు అలాగని ఆయన వాదించాడు.

1855లో పారిస్‌లో జరిగిన అంతర్జాతీయ గణాంక మహాసభ ముందు రెండు పట్టికలు వచ్చాయి. జెనీవాకు చెందిన మార్క్ డెస్పిన్ జబ్బులను వాటి స్వభావాన్ని బట్టి విభజించాడు. ఫార్ మాత్రం అంటురోగాలను ఒక గుంపుగా, గాయాలను మరొక గుంపుగా పెట్టి, ఒక అవయవానికి పరిమితమైన జబ్బులను ఆ అవయవం కిందే చేర్చాడు. సభ రెంటినీ కలిపి 139 శీర్షికల పట్టిక చేసింది. ఇద్దరినీ సంతోషపెట్టే రాజీ అన్నమాట! అది ఎక్కువకాలం నిలవలేదు. 1864లో ఫార్ పద్ధతి మీదనే దాన్ని సవరించారు.

మన దేశంతో కూడా ఆయనకు సంబంధం ఉంది. భారతదేశంలోని సైన్యం ఆరోగ్య పరిస్థితులను విచారించిన రాయల్ కమిషన్‌లో ఆయన సభ్యుడు. ఫ్లారెన్స్ నైటింగేల్‌తో కలిసి ఆ లెక్కలు తీశాడు. ఇక్కడి బ్రిటిష్ సైనికుల్లో ఏటా వెయ్యికి 69 మంది చనిపోతున్నారని 1863 నివేదిక చూపింది. చావులకు యుద్ధాల కంటే మురికి బారకాసులు, చెడు నీరే ఎక్కువ కారణం.

ఫార్ పొరపడలేదని అనుకోకండి. కలరా చెడుగాలి వల్ల వస్తుందని ఆయన చాలాకాలం నమ్మాడు. 1866లో తూర్పు లండనులో కలరా చెలరేగినప్పుడు, మరణాలు ఒకే కంపెనీ నీరు తాగే వీధుల్లో గుమిగూడినట్టు ఆయన లెక్కలే చూపించాయి. ఆయన తన అభిప్రాయం మార్చుకున్నాడు. పట్టిక సరిగ్గా ఉండబట్టే అది తయారుచేసినవాడినే సరిదిద్దగలిగింది. నాకు ఆయన జీవితంలో అన్నిటికంటే గొప్పగా తోచేది ఇదే.

నలభై ఏళ్ల సేవ తరువాత, 1879లో రిజిస్ట్రారు జనరల్ పదవి ఖాళీ అయితే ప్రభుత్వం దానిని వేరొకరికి ఇచ్చింది. ఫార్ ఉద్యోగం వదులుకున్నాడు. 1883లో మరణించాడు.

పదేళ్లకు, 1893లో, జాక్ బెర్టిలాన్ అనే ఫ్రెంచి గణాంకవేత్త ఫార్ సూత్రాల ఆధారంగా మరణ కారణాల అంతర్జాతీయ పట్టిక తెచ్చాడు. కాని అది మరణాల పట్టిక. కన్ను పోయినవాడు చనిపోడు కదా! అందువల్ల కంటి జబ్బులకు అందులో దక్కిన చోటు స్వల్పం. 1948లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ప్రాణం తీయని జబ్బులను కూడా చేర్చింది. 1990లో ఆమోదించిన పదో సవరణలో కంటికి ఒక అధ్యాయమే ఏర్పడింది. అందులో హెచ్ 40 నీటికాసులు. హెచ్ 40.1 తెరిచిన కోణం, హెచ్ 40.2 మూసుకున్న కోణం. 2022లో అమలుకు వచ్చిన పదకొండో సవరణలో సంఖ్యలు మారినా, ఈ రెండు రకాలు విడివిడిగానే ఉన్నాయి.

ఈ తేడా ఎందుకంత ముఖ్యం? కంటి ముందు అద్దంలా ఉండే కార్నియా, దాని వెనక రంగుతెర లాంటి ఐరిస్ కలిసేచోట ఒక మూల ఉంటుంది. కంటి లోపలి నీరు అక్కడి నుంచే బయటికి పోతుంది. ఆ మూల ఇరుకై ఒక్కసారిగా మూసుకుపోతే కన్ను ఎర్రబడి, తలనొప్పి, వాంతులు వస్తాయి. దాన్ని మామూలు తలనొప్పి కింద రాసి పంపేస్తే కొద్దిరోజుల్లోనే చూపు పోవచ్చు. ఇరుకు కోణాన్ని ముందే గుర్తిస్తే, అవసరమైన వారికి లేజరుతో ఐరిస్‌లో చిన్న రంధ్రం చేసి ప్రమాదాన్ని చాలావరకు తప్పించవచ్చు. తెరిచిన కోణానికి సాధారణంగా వైద్యం వేరు. ఏ రకమో చెప్పాలంటే డాక్టరు కంటి మీద ప్రత్యేకమైన అద్దం ఆనించి ఆ మూలను చూడాలి.

1996–2000 మధ్య ఆంధ్రప్రదేశ్‌లో జరిగిన కంటి జబ్బుల సర్వేలో, నీటికాసులు ఉన్నవారిలో చాలామందికి ఆ సంగతే తెలియదని తేలింది. మీ ఇంట్లో ఎవరికైనా ఈ జబ్బు ఉంటే, చీటీలో ఉన్నది 40.1 సంఖ్యా, 40.2 సంఖ్యా చూడండి. సంఖ్య లేకపోతే ఏ రకమో డాక్టరును అడగండి. 40.2 అయితే వారి అన్నదమ్ములను, అక్కచెల్లెళ్లను, పిల్లలను కూడా పరీక్షకు తీసుకువెళ్లండి. ఇరుకు కోణం కుటుంబాల్లో వస్తుంది.