మహానటి సావిత్రి తొలినాళ్ళు

మన మంగళగిరికి చేరువనే చిర్రావూరను పల్లె కలదు. తెలుగు చలనచిత్ర చరిత్రలో మహానటి యని పేరుగాంచిన సావిత్రి 1930వ దశకము నడుమ ఆ పల్లెయందే జన్మించెను. తండ్రి నిశ్శంకర గురవయ్య, తల్లి సుభద్రమ్మ. ఊహ తెలియకమునుపే తండ్రి మరణింపగా, తల్లి తన యిరువురు కుమార్తెలను వెంటగొని బెజవాడలో అక్క యింట చేరెను. పెదతండ్రి కొమ్మారెడ్డి వెంకటరామయ్య ఆ బాలికలకు తండ్రి లేని లోటు తీర్చెను.

బాల్యముననే సావిత్రి శిష్ట్లా పూర్ణయ్యశాస్త్రి యొద్ద నృత్యము నభ్యసించి, నాటకములలో వేషములు ధరింపసాగెను. కాకినాడలో జరిగిన పోటీలయందు ప్రసిద్ధ నటుడు పృథ్వీరాజ్ కపూర్ చేతులమీదుగా బహుమతి నందుకొనెను. ఆ యుత్సాహముతో పెదతండ్రి యామెను మద్రాసునకు గొనిపోయెను.

అయితే మద్రాసు ఆమెను వెంటనే యాదరింపలేదు. తొలుత వయస్సు చాలదనిరి. 1950లో ఎల్. వి. ప్రసాదు దర్శకత్వమున వెలువడిన సంసారము చిత్రమునకు నాయికగా నెన్నికయ్యెను గాని, తెరపై చూచి యారాధించిన అక్కినేని నాగేశ్వరరావు ఎదుట నిలువగానే మాట తడబడెను. నాయిక పాత్ర మరొకరికి దక్కెను. సావిత్రికి మిగిలినది చిన్న వేషము మాత్రమే. పల్లెనుండి వచ్చిన బాలికకు ఇంతకు మించిన పరాభవ మేమున్నది? ఇంటికి మరలిపోయినను తప్పుపట్టువారు లేరు. కాని యామె మరలలేదు.

1951లో పాతాళభైరవియందు ఒక నృత్యముతోనే తృప్తిపడెను. ఆ కొలది నిమిషములే విజయా వారి దృష్టి నాకర్షించెను. 1952లో పెళ్లిచేసి చూడు చిత్రమున రెండవ నాయిక యయ్యెను. ఆ చిత్రమునకును దర్శకుడు ఎల్. వి. ప్రసాదే యగుట గమనింపదగినది. 1953లో వేదాంతం రాఘవయ్య దర్శకత్వమున దేవదాసు వెలువడెను. అందు పార్వతి పాత్రధారిణి సావిత్రి. నాయకుడు మూడేండ్ల క్రిందట ఎవరి యెదుట నామెకు మాట పెగలలేదో ఆ నాగేశ్వరరావే. చిలిపి బాలికగా, ఇష్టములేని పెండ్లికి తలయొగ్గిన గృహిణిగా నామె చూపిన మార్పు ప్రేక్షకుల కంట నీరు పెట్టించెను.

1955లో మిస్సమ్మయందు ఆమెకు మొదట నిర్ణయించినది రెండవ పాత్ర. నాయికగా నటించుచున్న భానుమతి తప్పుకొనగా ఆ స్థానము సావిత్రికి లభించెను. రెండవ పాత్రను జమున ధరించెను. 1957 నాటి మాయాబజారులో శశిరేఖ రూపము దాల్చిన ఘటోత్కచునిగా, ఆడు మేన మగ ఠీవి నొలికించి, హాస్యమునందును తనకు సాటి లేదని నిరూపించెను.

పిమ్మట దర్శకురాలై 1968లో చిన్నారి పాపలు తీసెను. దాతృత్వమునను ఆమె చేయి పెద్దది. 1965 నాటి యుద్ధకాలమున తన నగలను దేశరక్షణ నిధి కర్పించెను. చివరి దినములు మాత్రము కష్టములతో గడచెను. పలు నెలలు స్పృహలేక పడియుండి 1981 డిసెంబరు 26న మద్రాసున కన్నుమూసెను. 2011లో భారత తపాలాశాఖ ఆమె చిత్రముతో బిళ్ళను వెలువరించెను.

కీర్తి వచ్చిన పిదప సావిత్రిని లోకమంతయు చూచినది. కీర్తి రాకమునుపు, నాయిక పాత్ర చేజారినను చిన్న వేషమునే శ్రద్ధతో ధరించిన బాలికను మన పిల్లలు తెలిసికొనవలెను. ఆమె మన పొరుగూరి బిడ్డ.